చుక్కకు నచ్చని డాక్టరు

మొన్నొక ఆదివారం మా రాణిని తీసుకుని తార్నాకలో కొత్తగా తెరిచిన జంతువుల క్లినిక్‌కు వెళ్లాను. రాణి మా కుక్క. దానికి చెవిలో చీము పట్టింది. ఉద్యోగమంతా పశువుల డాక్టరుగా చేసినవాడు సొంత కుక్కను ఇంకొకరికి చూపించడమేమిటని మా ఆవిడ కూడా అడిగింది. కళ్లకు శుక్లాలు ముదురుతున్నాయి, సూది పట్టుకుంటే చెయ్యి నా మాట వినడం లేదు. ఆ రెండూ ఒప్పుకోవడం ఇష్టం లేక, ఈ కాలం పిల్లలు వైద్యం ఎలా చేస్తున్నారో చూసొస్తానని చెప్పి బయల్దేరాను. అక్కడి డాక్టరమ్మకు మా అమ్మాయి కంటే చిన్న వయసే ఉంటుంది. తెల్లకోటు లేదు, పూల చొక్కా వేసుకుంది. రాణిని బల్ల మీదికి ఎక్కించమంటుందనుకుంటే, తనే నేల మీద చాప పరుచుకుని కూర్చుంది. కుక్క వైపు చూడనైనా చూడకుండా ఒక పళ్లెంలో పెరుగు వేసి పక్కన పెట్టింది. ఈ లెక్కన చెవి చూసేసరికి తెల్లారుతుందనిపించి, పాత అలవాటు కొద్దీ రాణి మెడను చంకలో ఇరికించుకుని మూతి గట్టిగా పట్టుకున్నాను. పట్టుకున్నవాణ్ని నోరు మూసుకుని ఊరుకున్నానా, నేనూ వెటర్నరీ డాక్టర్నేనని, భయం లేకుండా చూసుకోవచ్చని ధైర్యం కూడా చెప్పాను. ఆ పిల్ల మర్యాదగానే అన్నది: "అందుకేనేమో సార్. మీరు కొంచెం బయట కూర్చోండి. మీరు పక్కనుంటే అది బిగుసుకుపోతున్నది."

బయట బెంచీ మీద కూర్చున్నాను. అద్దాల తలుపులోంచి చూస్తుంటే, నేను లేచి వచ్చిన కాసేపటికే రాణి పెరుగంతా నాకేసి, ఆ పిల్ల మోకాలి మీద గడ్డం ఆనించి, చెవి అప్పగించేసింది. ముందు నాకు ఒళ్లు మండింది. నా ఉప్పు తిని బతికిన కుక్క ఒక్క పళ్లెం పెరుగుకు అమ్ముడుపోయిందే అనుకున్నాను. తర్వాత నవ్వొచ్చింది. నన్ను ఇలా బయటికి పంపడం ఇదేమీ మొదటిసారి కాదు. అసలు నా వైద్యం మొదలైందే ఆ అవమానంతో. కాకపోతే అప్పుడు పంపింది డాక్టరమ్మ కాదు, మా ఇంటి బర్రె.

అప్పట్లో మేము యూనివర్సిటీ క్వార్టర్స్‌లో, చిన్న ఉద్యోగుల వరసలో ఉండేవాళ్లం. మా బాపు, అంటే నాన్న, తోటల సెక్షన్‌లో మాలీ. జనగామ దిక్కు పల్లెలో ఉన్న కొద్దిపాటి మెట్ట భూమి వానలను నమ్ముకుని ఎండిపోతే, బాపు ముందు వచ్చి ఉద్యోగం చూసుకుని తర్వాత ఇల్లాలిని రమ్మని కబురు పెట్టాడు. మా అవ్వ – మా వైపు అమ్మను అవ్వ అంటాము – బర్రె లేని ఇంటికి రానని తిరుగు కబురు పంపిందట. అలా క్వార్టర్ వెనక రేకుల కొట్టం వెలిసింది. ప్రొఫెసర్ల ఇళ్ల ముందు లాన్లలో కోసిన గడ్డి బాపు సైకిల్ మీద మా కొట్టానికి చేరేది. నానబెట్టిన పత్తిగింజలు, తవుడు, పచ్చిగడ్డి, పేడ, వీటన్నిటి వాసన మా వంటింట్లోంచి వచ్చే తాలింపు వాసనతో కలిసి, ఏది ఎక్కడిదో తెలిసేది కాదు. వెనక గోడ నిండా పిడకలు. క్వార్టర్స్‌లో పశువులను పెంచరాదని ఏడాదికోసారి నోటీసు వచ్చేది. ఆ నోటీసు మీద సంతకం చేసే ఆఫీసరు ఇంటికి కూడా పాలు మా ఇంటి నుంచే వెళ్లేవి కనుక, దాన్ని ఎవరూ మనసుకు తీసుకునేవారు కాదు.

నేను పెద్దయ్యేనాటికి కొట్టంలో ఉన్నది ఆ మొదటి బర్రె దూడ, పేరు చుక్క. నొసటి మీద చిన్న తెల్లమచ్చ ఉండేది. అవ్వకు చదువు రాదు, బస్సు బోర్డు చదవలేదు, వారాసిగూడలో ఉన్న మా చిన్నమ్మ ఇంటికి వెళ్లాలన్నా ఎవరో ఒకరు తోడుండాలి. పక్కింటివాళ్లతో కలివిడిగానే ఉండేది గానీ, మనసులో మాట చెప్పుకునేది మాత్రం చుక్కతోనే. పాలు పిండే ముందు పొదుగు కడిగి, గొంతుక్కూర్చుని, నుదురు దాని డొక్కకు ఆనించి, ఆనాటి సంగతులన్నీ మెల్లగా చెప్పేది. బాపు ఏమన్నాడు, బియ్యంలో రాళ్లెట్లా ఉన్నాయి, ఊర్లో ఎవరు పోయారు, అన్నీ. కాసేపటికి చుక్క చేపేది. చేపడమంటే పాలను చన్నుల్లోకి వదలడం. పాలు పొదుగులో ఉంటే చాలదు, వదలాలని బర్రెకు అనిపించాలి. గుంజితే వచ్చేది కాదు అది. ఇది పాడి ఉన్న ఇంట్లో ఎవరికైనా తెలిసిన సంగతే. ఆ ఇంట్లోనే పుట్టి, ఆ పాలు తాగే పెరిగి, పశువైద్యం చదవడానికి కాలేజీకి వెళ్లి, అక్కడ నేను మొదట మరిచిపోయింది దీన్నే.

ఆఖరి సంవత్సరంలో మాకు తెల్లకోట్లు ఇచ్చారు. నేను ఇంటికి తెచ్చిన నాడు అవ్వ దాన్ని దేవుడి పటం ముందు పెట్టి కుంకుమబొట్టు పెట్టింది. ఆ మరక వదలగొట్టడానికి ఉతకడం మొదలుపెట్టింది, ఇక ఆపలేదు. రెండు రోజులకోసారి ఉతికి, నీలం మందు పెట్టి, చిక్కటి గంజి పట్టించి, బొగ్గుల పెట్టెతో ఇస్త్రీ చేసేది. ఆ గంజి దెబ్బకు కోటు నా ఒంటి మీద కాక నా చుట్టూ నిలబడి ఉండేది. అడుగు తీసి అడుగు వేస్తే పరపరమని చప్పుడు. కాలేజీలోనే విప్పి సంచిలో పెట్టుకుంటే అవ్వకు కోపం. తార్నాక బస్టాపులో దిగగానే తొడుక్కుని, క్యాంపస్ రోడ్డంతా అందరూ చూస్తుండగా నడిచి రావాలని ఆమె ఆజ్ఞ. అవ్వ చెప్పింది కాబట్టి వేసుకున్నానని ఇన్నేళ్లూ అందరితో అన్నాను గానీ, అబద్ధమెందుకు, నాకూ బాగానే ఉండేది. లాలాపేట్ నుంచి వచ్చే ఒక ఎం.ఏ. అమ్మాయి ఆ దారిన ఎదురొచ్చేది. నేను మనుషుల డాక్టర్నని ఆమె అనుకుంటోందని నా నమ్మకం. నా కోటు మీద ఎప్పుడూ ఉండే పేడ మరక ఆ నమ్మకానికి అడ్డు రాలేదు.

కొత్త బిచ్చగాడు పొద్దెరగడన్నట్టు, ఇంటికి చేరగానే నేరుగా కొట్టంలోకి వెళ్లేవాణ్ని. ఏ రోగమూ లేని చుక్కకు తోక ఎత్తి థర్మామీటర్ పెట్టేవాణ్ని, పొదుగు నొక్కి చూసేవాణ్ని, కనురెప్పలు విప్పి చూసేవాణ్ని. క్లాసులో ఆ రోజు ఏ పాఠం చెబితే ఆ రోగం చుక్కకు ఉన్నట్టు అనిపించేది. కాలేజీలో మిగిలిపోయిన బలం సూదులు అడిగి తెచ్చి పొడిచేవాణ్ని. పక్క క్వార్టర్ రూతమ్మ, హెల్త్ సెంటర్‌లో ఆయా, గోడ మీదుగా చూస్తూ తమ డాక్టర్లు కూడా ఇంత శ్రద్ధగా చూడరని మెచ్చుకునేది. అవ్వ ముఖం వెలిగిపోయేది. చుక్క ముఖం ఎవరూ చూడలేదు.

కొన్నాళ్లకు పాలు తగ్గాయి. నేను సాయంత్రం వచ్చేసరికి చుక్క గుండె దడదడా కొట్టుకుంటుండేది, ఒళ్లు వెచ్చగా ఉండేది, ఊపిరి వేగంగా తీస్తుండేది. ఇవన్నీ పుస్తకంలో రాసుకుని, లోపల ఏదో పెద్ద జబ్బు ముదురుతోందని తేల్చి, సూదులు పెంచాను. సూదులు పెంచినకొద్దీ లక్షణాలు పెరిగాయి. నా నిర్ధారణ సరైనదేనని అది చూసి నాకు ఇంకా గట్టిగా అనిపించింది. వెయ్యి మందిని చంపితే గాని వైద్యుడు కాడంటారు. నేను ఒక్క బర్రెతో ఆ లెక్క పూర్తి చేసేటట్టు ఉన్నాను. సాయంత్రప్పూట చుక్క పాలు ఎగబట్టడంతో, అంటే చేపకుండా బిగబట్టుకోవడంతో, అవి పొదుగులోనే నిలిచి నిలిచి, చివరికి నాలుగు చన్నుల్లో ఒకటి రాయిలా గట్టిపడింది. పొదుగువాపు. ఇది మాత్రం నిజమైన రోగమే. గడ్డకట్టిన పాలు పిండేసి, చనుమొనలోంచి లోపలికి మందు ఎక్కించాలి. అది అవ్వకు చేతకాని పని, నేను నేర్చుకున్న పని. నేను దగ్గరికి వెళ్తే చుక్క కాలెత్తి తన్నింది. రెండోసారి తన్నింది నా మోకాలికి తగిలింది. తాళ్లతో కట్టి పడేద్దామని చూస్తే అది గుంజుకున్న గుంజుకు కొట్టం గుంజే ఊడింది.

బాపు ఎక్కువ మాట్లాడే మనిషి కాదు. ఆ రాత్రి అన్నం తింటూ తల ఎత్తకుండానే అన్నాడు: "చన్ను వోయిన బర్రెను ఎన్ని దినాలు మేపుతం? ఆదివారం మల్లేశం వస్తడు, తోలిచ్చుడే." మల్లేశం లాలాపేట్ వైపు పశువుల బేరగాడు. పాలివ్వని బర్రె ఆయన చేతికి వెళ్తే ఆ తర్వాత ఎక్కడికి వెళ్తుందో అందరికీ తెలుసు. అవ్వ కంచాలు తీసుకుని వెళ్లి చాలాసేపు కడుగుతూనే ఉంది. ఆమెకు ఆ పట్నంలో చుక్క తప్ప ఇంకెవరున్నారని నాకు అప్పుడు తట్టింది. దాన్ని కాపాడే చదువు నేనే చదువుతున్నానని, ఆమె నా ముఖం చూడకుండా ఉండటానికే పని కల్పించుకుంటోందని కూడా తెలిసింది. చాలా సిగ్గుపడ్డాను.

ఆ సిగ్గుకో, మోకాలి నొప్పికో, నాకు జ్వరం తగిలింది. కాలేజీకి పోకుండా వెనక గదిలో మంచం మీద పడుకున్నాను. ఆ గది కిటికీ కొట్టం వైపే ఉంటుంది. పడుకుని చేసే పనేమీ లేక, బర్రెను చూడటం మొదలుపెట్టాను. సూది లేకుండా, థర్మామీటర్ లేకుండా దాన్ని ఊరికే చూడటం నాకు బహుశా పదేళ్ల వయసు తర్వాత అదే మొదలు. చుక్క నెమరు వేస్తోంది. తోకతో ఈగలు తోలుకుంటోంది. చెవులు వదులుగా వేలాడుతున్నాయి. అంతటి పెద్ద జబ్బు ముదురుతున్న బర్రె హాయిగా కళ్లు మూసుకుని కునుకు తీస్తోంది. సాయంత్రం అవ్వ వచ్చి కూర్చుని ఏదో గొణుగుతుంటే, వాచిన చన్ను తప్ప మిగతా మూడింట్లోంచీ ధారలు ధారలుగా పాలు చేపింది. నేను లేచి కూర్చున్నాను. సరిగ్గా అప్పుడే అవ్వ ఉతికి ఆరేసిన కోటును రూతమ్మ దండెం మీంచి తీసి మడతపెట్టబోయింది. పరపరమని చప్పుడైంది. చుక్క నెమరు ఆగిపోయింది. చెవులు నిలబడ్డాయి. మెడ బిగిసింది. అవ్వ చేతిలో ధార సన్నబడి ఆగిపోయింది.

నేను ఇంట్లో మంచం మీద ఉన్నాను. అది నన్ను చూడలేదు. అయినా నా రోగలక్షణాలన్నీ దానికి వచ్చేశాయి. ఇన్నాళ్లూ నేను రాసుకున్న గుండెదడ, వేడి, ఎగశ్వాస, అన్నీ నేను వస్తే వచ్చేవి, నేను పోతే పోయేవి. చుక్కకు ఉన్న జబ్బు పేరు పుస్తకంలో ఎంత వెతికినా ఎందుకు దొరకలేదో అప్పుడు అర్థమైంది. ఆ జబ్బుకు పెట్టాల్సింది నా పేరే. జ్వరంలోనే నవ్వుకున్నాను. కానీ ఈ సంగతి అవ్వకు చెప్పడమెట్లా అని తలుచుకోగానే నవ్వు పోయింది.

రాత్రి ఆమె జొన్న గటక తెచ్చినప్పుడు చెప్పాను. "అవ్వా, చుక్కకు మొదలు ఏ రోగం లేకుండె. నేనే దాని రోగం. గా కోటు చప్పుడు ఇంటేనే పాలు ఎగబట్టుతున్నది." ఆమె గిన్నె మంచం మీద పెట్టింది. కొడుకు డాక్టరయ్యాడని ఆ వరసంతా చూపించుకున్న కోటు అది. మెల్లగా అడిగింది: "నేను గంజి పెట్టవట్టేనా?" కాదని, సూదులు పొడిచింది నేనేనని, గంజికి ఏ పాపమూ తెలియదని ఎంత చెప్పినా ఆమె వినలేదు, కళ్లు తుడుచుకుంటూ లోపలికి వెళ్లిపోయింది. గంజి లేకపోయినా, కాలేజీ ఆస్పత్రిలో నా కోటుకు అంటే మందుల వాసన, బెదిరిన పశువుల వాసన చుక్క ముక్కుకు చాలునని చెబుదామనుకున్నాను. ఏడుస్తున్న మనిషికి పాఠం చెప్పేంత మూర్ఖత్వం ఒక్కటి మాత్రం ఆ రోజు నాలో లేకపోయింది.

తెల్లవారి ఆమె కోటును మడిచి, ట్రంకు పెట్టెలో తన పెళ్లి చీర కింద పెట్టి, తాళం వేసింది. "ఇయ్యాల్టి సంది ఇది తొడుగకు. బర్రె ఉంటె కోటు మళ్ల తొడుక్కోవచ్చు. బర్రె పోతె కోటుకు పాలు పిండుతమా?" అని తాళంచెవి కొంగున ముడేసుకుంది.

ఆదివారం లోపల చుక్క నన్ను తాకనివ్వాలి. నాకు తోచిన వైద్యం ఒక్కటే: డాక్టరును మానిపించడం. ఇంట గెలిచి రచ్చ గెలవమన్నారు కదా, ముందు కొట్టం గెలుద్దామనుకున్నాను. సబ్బు మానేసి సున్నిపిండితో స్నానం చేసి, బాపు పాత బనీను, లుంగీ వేసుకుని, కొట్టంలో ఒక మూల పీట వేసుకుని కూర్చున్నాను. అంతే. ఏమీ చేయకుండా కూర్చోవడం కంటే కష్టమైన పని కాలేజీలో ఎవరూ నాకు నేర్పలేదు. చెయ్యి థర్మామీటర్ కోసం దానంతటదే జేబులోకి వెళ్లేది. లుంగీకి జేబు లేకపోవడం చుక్క అదృష్టం. దోమలు కుడుతుంటే పరీక్షలు గుర్తొచ్చి పుస్తకం బయటికి చదివేవాణ్ని. పశువుల జీర్ణకోశం గురించి నేను గట్టిగా చదువుతుంటే, మొదట అనుమానంగా చూసిన చుక్క, తర్వాత ఆ పాఠం నాకంటే బాగా తెలిసినదానిలా నెమరు వేయడం మొదలుపెట్టింది. పీట రోజుకు కొంచెం చుక్క వైపు జరిగేది. గోడ మీదుగా రూతమ్మ చూసి, డాక్టర్ సాబ్ కోటు ఏమైందని అవ్వను అడిగింది. ఉతికి ఆరేశానంది అవ్వ. మర్నాడూ అడిగింది, మర్నాడూ అదే జవాబు. బనీనుతో పేడ కొట్టంలో కూర్చున్న కొడుకును ఆ వరసంతా చూస్తుంటే, మూడోనాడు రూతమ్మ అడగకముందే అవ్వ చెప్పేసింది, ఈ వానలకు కోటు ఆరడమే లేదని. ఎండాకాలమది. అలా అబద్ధమాడుతున్నప్పుడు ఆమె గొంతు ఎంత చిన్నబోయిందో నాకు ఇప్పటికీ వినిపిస్తుంది.

శనివారం సాయంత్రం నేను పుస్తకం చదువుతుండగా నా భుజం మీద గరుకుగా, తడిగా ఏదో తగిలింది. చెమట ఉప్పు కోసం చుక్క నాకుతోంది. కదలకుండా కూర్చున్నాను. అవ్వ వచ్చి ఎప్పటిలా తన వైపు కూర్చుని, నుదురు ఆనించి, మాట్లాడటం మొదలుపెట్టింది. ఈసారి సంగతులు ఎవరివో కావు, నావే. వీడు మంచివాడేనని, మొండివాడని, నీ పాలు తాగే పెద్దయ్యాడని, వీనికి ఏమీ రాదని, అయినా ఒకసారి చూడనియ్యమని బతిమాలుతోంది. నేను అటువైపు నుంచి వాచిన చన్ను మీద చెయ్యి వేశాను. చుక్క కాలెత్తింది. నేను చెయ్యి తీయలేదు, నొక్కనూ లేదు. దాని కాలు అట్లాగే గాలిలో ఉంది. నా గుండె ఎంత వేగంగా కొట్టుకుందో కొలిస్తే ఏ పుస్తకానికైనా అందేది కాదు. తర్వాత అది కాలు కింద పెట్టింది. గడ్డలు గడ్డలుగా పాడైన పాలు పిండేసి, మందు ఎక్కించాను. అంతసేపూ అది చెవులు వెనక్కి వేసి అవ్వ మాటలు వింటూనే ఉంది. అయిపోయాక అవ్వ లేచి, చెంగుతో ముందు బర్రె ముఖం తుడిచింది, తర్వాత నా ముఖం తుడిచింది.

ఆదివారం మల్లేశం వచ్చాడు. పొదుగు నొక్కి చూసి, వాపు దిగుతున్నది గానీ ఈ చన్ను మీద ఆశ పెట్టుకోవద్దని, ఇప్పుడే ఇచ్చేయమని బాపుతో బేరం మొదలుపెట్టాడు. బాపు అవ్వ వైపు చూశాడు. "అమ్ముతలేము. మజ్జిగ తాగి పో," అన్నది అవ్వ. బాపు గడ్డికోసమని సైకిల్ తీసుకుని వెళ్లిపోయాడు. ఆ చన్ను పాలు మునుపటంత ఎప్పుడూ రాలేదు. చుక్క మాత్రం మా రేకుల కింద ఇంకో రెండు ఈతలు ఈని, అక్కడే ముసలిదయింది.

ఇప్పుడు ఆ క్వార్టర్స్ వెనక కొట్టాలు లేవు. వాటి జాగాలో కార్లు నిలబడుతున్నాయి. క్యాంపస్‌లో ఎక్కడా పిడక కనిపించదు. మా కాలంలో పశువును పడేసి కట్టగలిగినవాడే మొనగాడు. ముక్కు పట్టి, మెడ తిప్పి, నలుగురం మీద పడి సూది పొడిచేవాళ్లం. భయపడిన పశువు తన రోగం కూడా సరిగా చెప్పుకోలేదన్నది ఇప్పటి పిల్లలకు మొదటి ఏడాదే నేర్పుతున్నారట. నేర్పితే మంచిదే. అయితే బెంచీ మీద నా పక్కన పిల్లులతో, కుక్కలతో ఎదురుచూస్తున్నవాళ్లు గోడ గడియారం వైపే చూస్తున్నారు. ఆ పూల చొక్కా పిల్ల చాప మీద తీరిగ్గా కూర్చోవడానికి వాళ్లు ఎన్నాళ్లు ఒప్పుకుంటారో తెలియదు. నన్ను నేను కూడా మరీ గొప్పవాణ్ని చేసుకోకూడదు. చుక్క నేర్పిన విద్యను జీవితమంతా ఆచరించానని చెబితే, నా కింద పనిచేసినవాళ్లు ఇది చదివి నవ్వుతారు. పల్లె ఆస్పత్రిలో పొద్దున్నే బారులు తీరిన బర్రెల ముందు నేనూ తాళ్లే పట్టుకున్నాను, అరిచాను, తన్నులు తిన్నాను. తన్ను తిన్న రోజు మాత్రం కాసేపు పీట వేసుకుని కూర్చునేవాణ్ని.

నాకు ఉద్యోగం వచ్చిన కొత్తలో, సెలవు మీద ఇంటికి వచ్చి వెనక గదిలో పడుకుని ఉన్నాను. పాల కోసం కొత్తగా వచ్చిన ఒక ప్రొఫెసరు గారి భార్య అవ్వను అడుగుతోంది, మీ అబ్బాయి డాక్టరట కదా, ఏ ఆస్పత్రిలో, ఏం డాక్టరని. ఒకప్పుడైతే అవ్వ పనంతా పక్కన పెట్టి జవాబు చెప్పేది. ఇప్పుడు పాలు పోయడం ఆపలేదు. నేను చెవులు రిక్కించాను. కిటికీలోంచి ఆమె గొంతు, ఏ తొందరా లేకుండా, నిండుగా వినిపించింది.

"బర్ల తాన కూసుంటడమ్మా. అవి సరేనంటె మందిస్తడు."